మీరు బిగించిన బోర్డు

మావయ్యగారూ,

మీరున్నప్పుడు తలుపు చాటునుంచే మాట్లాడాను. చేరదని తెలిసీ ఇది రాస్తున్నాను. ఇవాళ మీ సంవత్సరీకం.

నిన్న మీ అబ్బాయి కేసులో తీర్పు వచ్చింది. ఉద్యోగంలో చేరాక పెట్టిన మార్కుల నిబంధనతో ఆయన్ని తీసేయడం తప్పట, ఆయన అర్హులేనట. కానీ ఆ పోస్టులో ఇంకొకరున్నారు. ఖాళీ వచ్చేదాకా ఆగమంది కాలేజీ.

వ్యాగన్ల మీద నంబర్లు వేసిన చేత్తో మీరు రాసి మన గుమ్మం పక్కన బిగించిన 'లెక్చరర్' బోర్డు మీద పడింది ఆయన కోపం.

"గెలిచి ఏటి లాభం? సాక్చీ బజార్లో 'ప్రొఫెసర్ సాబ్' అని ఎక్కిరిత్తన్నారు. తీసేత్తాను. నాన్న స్పానర్ ఏదే?"

"నాకు తెలీదండీ."

చేత్తో లాగారు. కదల్లేదు.

"రైలుపెట్టెకి బిగించినట్టు బిగించేడు ముసలాయన!" అంటూ మెట్టు మీద కూలబడ్డారు.

స్పానర్ బియ్యం డబ్బాలో ఉంది మావయ్యగారూ. బియ్యం అడుగంటేలోగా దానికి వేరే చోటు చూడాలి.