మూకీ అట్టలు చదివే హక్కు

ప్రొద్దుటూరు నుంచి సౌదీకి వచ్చి అల్ ఖోబర్‌లో ఏసీ మెకానిక్‌గా పనిచేస్తున్న షేక్ జునైద్ అను నేను, వయసు ఇరవై నాలుగు, బుద్ధి స్థిమితంగా ఉండి, ఎవరి బలవంతమూ లేకుండా రాస్తున్న వీలునామా. నాకే జబ్బూ లేదు. ఆస్తి ఉన్నవాడు వసీయత్ రాయకుండా పడుకోరాదని మసీదు దగ్గర పంచిన కరపత్రంలో చదివినాను. అప్పటినుంచి చెయ్యి ఆగడం లేదు.

1. నాకు ప్రాణమైనవి ప్రొజెక్టరు, నూరేళ్లనాటి మూకీ హాస్యచిత్రాలున్న హార్డ్ డిస్కు. శుక్రవారాలు స్నేహితులను పిలిచి మా హాలు గోడమీద వేస్తాను. మాటలకు బదులు తెరమీద వచ్చే ఇంగ్లీషు అట్టలను మా అన్న అర్షద్ తెలుగులో చదివి వినిపిస్తాడు. పోయిన వారం సినిమాలో భార్య ఆఫీసుకు పోతుంది, భర్త రొట్టెపిండిలో మునుగుతాడు. చివరి అట్టను అన్న "బుద్ధొచ్చి ఇల్లు చేరింది" అని చదివినాడు. హాలంతా ఘొల్లుమంది. వంటింట్లోంచి హఫ్సా వదిన, "ఆడ అట్ల లేదు. 'మర్నాడూ పనికి పోయింది' అని ఉండాది" అనింది. అంత నిశ్శబ్దం ఏ మూకీలోనూ లేదు.

వదినకు కళ్ల క్లినిక్‌లో ఉద్యోగం వచ్చింది. ఆమె ఈ దేశంలో ఉండేది మా అన్న ఇఖామా మీద, అంటే ఆయన నివాస అనుమతి మీద గనక, ఆయన ఒప్పుకుంటూ సంతకం చేయాలి. ఆ కాగితం సంతకం లేకుండానే ఫ్రిజ్ తలుపుకు అంటించి ఉంది. దాన్నీ అన్న తన ఇష్టమొచ్చినట్టే చదువుతున్నాడు.

2. షరియత్ ప్రకారం వారసులకు వీలునామా రాస్తే చెల్లదు. అమ్మ మదార్బీకి, అన్నకు వాళ్ల వాటాలు ఎటూ వస్తాయి. వదిన నాకు వారసురాలు కాదు. కాబట్టి ఆస్తిలో మూడోవంతు దాకా ఆమెకు రాయొచ్చు! ఏమీ కాకపోవడం వల్ల ఆమెకు కలిగిన మొదటి లాభం ఇదే. ప్రొజెక్టరు, డిస్కు, అట్టలు చదివే హక్కు ఆమెవి. చదివే హక్కు నా చావుదాకా ఆగదు, ఈ రోజు నుంచే అమలు.

3. "ఆడది సంపాదిస్తే బువ్వ చేదైతది" అంటూ ఆ రాత్రే వదిన బిర్యానీ రెండోసారి పెట్టించుకున్న స్నేహితుడు రియాజ్‌కు నా వంట ఏప్రాను. తనకు కావలసిన రుచి తనే వండుకోవాలి.

4. డ్రైవరు ఇస్సాక్ మామకు మడతకుర్చీ. నవ్వి నవ్వి విరగ్గొట్టింది ఆయనే. వదిన మాటకు అందరికన్నా ముందుగా చప్పట్లు కొట్టిందీ ఆయనే.

5. అన్నా, చిన్నప్పుడు నాకు ఇంగ్లీషు అక్షరాలు దిద్దించింది నువ్వే. అందుకే నీమీద ఇంత కోపం. ముందువరసలో దిండు నీదే. కూర్చొని విను.

6. ఈ వీలునామాను వదినే పైకి చదవాలి. అన్న చదివితే చెల్లదు.

అల్ ఖోబర్, 2024 నవంబరు 8, శుక్రవారం.
(సం.) షేక్ జునైద్

సాక్షులు:
1. ఇస్సాక్, డ్రైవరు.
2. షేక్ అర్షద్. వదిన చదవగా మొత్తం విని సంతకం చేసినాడు. పెన్ను నాకు తిరిగివ్వకుండా ఫ్రిజ్ దగ్గరికి పోయినాడు.