నీ విస్తట్లో మబ్బుపాయసం

బత్తలపల్లె దగ్గర,
నవంబరు 2002

మల్లీశ్వరికి,

మన పాప హేమావతి నాయన రాసేది. ఇక్కడ నేను, పాప, మా అమ్మ, నీ రెండు మేకలు అందరం బాగానే ఉన్నాం. ఆ కువైటు ఎండలో నువ్వూ ఒళ్ళు చూసుకుంటూ బాగున్నావని తలుస్తున్నాను. నీ జాబు అందింది. మా అమ్మ రెండోసారి కూడా చదివించుకుని, తన మోకాళ్ళ నొప్పి గురించి ఒక్క ముక్కయినా అడగలేదని నొచ్చుకుంది. ఈసారి అడుగు.

నువ్వు అడిగినవాటికి జవాబులు రాస్తాను. పాపకు చెవిపోటు తగ్గింది. బడికి పోతోంది కానీ ఎక్కాలు అప్పజెప్పమంటే మాత్రం ఇప్పటికీ కడుపునొప్పి వస్తుంది. శనక్కాయ సంగతి అడగొద్దు. ఊడలు దిగి కాయ పట్టే వేళకు వాన మొహం చాటేసింది. చెట్టు పీకి మేకలకే వేశాం. బోరులో తాగడానికి నీళ్ళు వస్తున్నాయి, అంతవరకు నయం. ఇక, "ఈ ఇంటివాళ్ళు ఇంకో రెండేళ్ళు ఉండమంటున్నారు మామా, ఏం చెప్పమంటావు" అని అడిగావు. దానికి చివర్లో రాస్తాను. ముందు నీ కూతురు చేసిన పని విను.

మబ్బులదుర్గం కథ పాపకు గుర్తుందా అని రాశావు. మరిచిపోయే పిల్లా అది? నువ్వు విమానం ఎక్కే ముందు దాన్ని ఒళ్ళో వేసుకుని అల్లి చెప్పిన కథ ఇప్పుడు వీధి పిల్లలందరికీ వచ్చు. నువ్వు చెప్పినట్టే చెబుతోందో లేదో చూడు. మబ్బులదుర్గంలో కొండ మీద కోట, కోట మీద మబ్బు. ఏడాదికొకసారి ఆ ఊరి ఆడవాళ్ళు నిచ్చెనలెక్కి, కొడవళ్ళతో మబ్బును కోసుకొచ్చి, బెల్లం వేసి పాయసం వండుతారు. పొంగు వచ్చేదాకా ఎవరూ నోరు విప్పకూడదు. దూరం పోయిన మనిషి పేరు తలచుకుని ఒక విస్తరి వేసి, మొదటి గరిటె అందులో వడ్డిస్తారు. ఆ మనిషి ఏ దేశంలో ఉన్నా నాలుక మీద తీపి పుడుతుంది, కాళ్ళు వాటంతటవే ఇంటిదారి పడతాయి.

పోయిన శుక్రవారం ఆ పాయసం చేయాల్సిందేనని పాప పట్టుబట్టింది. "మబ్బు యాడ తెస్తావే" అని నేను నవ్వాను. అంతలో పీచుమిఠాయి అమ్మే కుళ్ళాయప్ప గంట కొట్టుకుంటూ వచ్చాడు. "అదో, మబ్బు వచ్చినాది" అంటూ పరుగు తీసింది. అది ఎర్రగా ఉందే అని ఎగతాళి చేస్తే, "పొద్దుగూకే మబ్బు ఎర్రగానే కదా నాయనా ఉంటాది" అని నా నోరు మూయించింది. మాటల్లో అంతా నీ పోలికే.

మా అమ్మ కొర్రబియ్యం ఉడికించి బెల్లం వేసింది. పాప గరిటె తిప్పింది. మాట్లాడకూడదు కాబట్టి కళ్ళతోనే మా ఇద్దరినీ అదిలిస్తూ వచ్చింది. పొంగు రాగానే పీచుమిఠాయి అంతా గిన్నెలో పడేసింది. అది చూస్తుండగానే కరిగి కనపడకుండా పోయింది. పాప మొహం చిన్నబోయింది. మా అమ్మ తొంగి చూసి, "కరగని మబ్బు యాడన్నా ఉంటాదా" అంది. దాంతో పిల్ల తేరుకుంది.

అసలు తంటా తర్వాత వచ్చింది. పాప నీ పీట వాల్చి, నీ పేరు చెప్పి, విస్తరి వేసి వడ్డించింది. మా అమ్మ చేతిలో చెంబు జారిపోయింది. నీకు తెలియనిదేముంది, తినే మనిషి ఎదుట లేకుండా మనం ఆకు వేసి ఎడ పెట్టేది చనిపోయిన పెద్దలకే.

"బతికుండే మనిషికి ఎడ పెడతాండావేమే? తీయ్, ముందు తీసేయ్ దాన్ని."

"తీస్తే అమ్మ ఎట్ల వస్తాది అవ్వా?" అని పాప ఆకుకు అడ్డం కూర్చుంది.

నువ్వు ఇక్కడున్నప్పుడు పొయ్యి దగ్గర మీ అత్తాకోడళ్ళకు ఒక్క పూట సరిపడేది కాదు. అలాంటిది ఆ రోజు నీకేమవుతుందోనని మా అమ్మ దేవుళ్ళందరికీ మొక్కుకుంది. చివరికి నా వైపు తిరిగి, "ఒరే నర్సిమ్మా, నువ్వు వచ్చి కూచో. దాని ఆకులో నువ్వు తిను. మొగుడు తిన్నాక అది ఎడ ఎట్లయితాది" అంది. పాప కూడా పక్కకు జరిగింది.

పెళ్ళయినప్పటి నుంచి నేను తిని లేచిన విస్తట్లో నువ్వు తినేదానివి. ఆ రోజు నీ విస్తరి ముందు నేను కూర్చున్నాను. వాళ్ళిద్దరూ నన్నే చూస్తుంటే, పొయ్యి పొగ అని చెప్పి కళ్ళు తుడుచుకున్నాను. ఒక్క మెతుకు వదలకుండా తిన్నాను. శుక్రవారం పొద్దుగూకే వేళ నీ నోరు తీపయిందా మల్లీ? పది చదివినవాణ్ణి, ఇలా అడగడానికి సిగ్గుగా ఉంది. అయినా జవాబు రాయి.

ఇక రెండేళ్ళ మాట. పాప నిద్రలో నిన్ను కలవరిస్తోందని, నీ పాత చీర కప్పుకోనిదే పడుకోదని, సాయంత్రం బస్సు ఆగితే వాకిట్లోకి పరుగెడుతుందని ఇదివరకటి జాబుల్లో రాశాను. పాప అవేమీ చేయలేదు. దానికి బెంగ లేదని కాదు, పాయసం వండేసింది కాబట్టి నువ్వు బయలుదేరావనే నిశ్చింతగా ఉంది. ఆ చీర కప్పుకునేది నేను. బస్సు ఆగితే లేచేది నేను. పంట పోయి, నీ రెక్కల కష్టం మీద ఇల్లు నడుపుతున్నవాణ్ణి, ఏ మొహం పెట్టుకుని రమ్మనాలో తెలియక పిల్ల పేరు వాడుకున్నాను.

నువ్వు లేకుండా నేను ఉండలేకపోతున్నాను. ధర్మవరంలో మగ్గం పని నేర్పిస్తామంటున్నారు, పోతాను. ఎలాగో ఒకలాగు బతుకుదాం. ఆ ఇంటివాళ్ళకు ఇక ఉండనని చెప్పేయి. ఎందుకని అడుగుతారు. పిల్ల కోసమని చెప్పొద్దు. మా ఇంటాయన రమ్మంటున్నాడని చెప్పు.

ఇట్లు,
నీ మామ
నరసింహులు