దెబోరాకు ఓటు, వాగుకు గేటు

బ్రష్ క్రీక్, మిసిసిపీ
సెప్టెంబరు మొదటి వారం

ప్రభువునందు ప్రియమైన జస్టిస్ వర్బీనా హోల్‌కోమ్‌కు, బ్రష్ క్రీక్ సంఘం పక్షాన బ్రదర్ లెమ్యూల్ క్రాబ్‌ట్రీ వందనాలు.

ముందు ఈ ఒక్క ప్రశ్నకు జవాబు చెప్పు: బైబిల్లో ఖర్జూరపు చెట్టు కింద తీర్పులు చెప్పిన దెబోరా, శత్రువు ఊరి మీద పడితే ఫైలు తిరగేస్తూ కూర్చుందా? లేదు! లేచింది! మరి నువ్వెప్పుడు లేస్తావు?

మా తాతల నాటి నుంచి బాప్తిస్మాలిస్తున్న మడుగుకు డ్యూబెర్రీ కంకర కంపెనీ దారి మూసింది. ఇనుపగేటు పెట్టి తాళం వేసింది. కింది కోర్టులో ఓడిపోయి, మీ రాష్ట్ర సుప్రీంకోర్టుకు అప్పీలు చేశాం. తొంభై ఏళ్లుగా దేవుడితో పంతం పట్టిన ఓపల్ మామ్మ ఇప్పటికి దిగొచ్చింది, బాప్తిస్మం తీసుకుంటానంది. అదీ తన పెనిమిటి బాప్తిస్మానికి మునిగిన మడుగులోనే. బదులుగా గుర్రాల నీళ్లతొట్టి చూపిస్తే, "నేను గుర్రంలా కనిపిస్తున్నానా అబ్బాయ్?" అని అడిగింది. ఈ చలికాలం దాటడం కష్టమని డాక్టరు అంటున్నాడు.

కంపెనీవాళ్లతో మాట్లాడకపోయారా అంటావేమో. ఆ శత్రువుల, ఆ ఫిలిష్తీయుల గడప నేను తొక్కను!

నువ్వు మా సండేస్కూలు పిల్లవి. ఎనిమిదేళ్లప్పుడే ఆదాము తరఫున వాదించావు: "చెట్టుకు బోర్డు కట్టలేదు కదండీ!" అని. ఈ పిల్ల నరకానికైనా పోతుంది, లాయరైనా అవుతుంది అనుకున్నాను. దాణాకొట్టు మేడమీద బల్ల వేసుకుని మొదలుపెట్టి, కౌంటీ జడ్జివై, సుప్రీంకోర్టు దాకా ఎక్కావు. నవంబరులో నీ జడ్జి పదవికి ఎన్నిక. నీ మీద పోటీకి నిలబడ్డ జడ్జి థాడియస్ రోర్క్‌ది, నాబోతు ద్రాక్షతోట కాజేసిన ఆహాబు రాజు ముఖమే. అతని సంగతి మేం చూసుకుంటాం. మా సంగతి నువ్వు చూసుకో.

ఆయన సేవలో,
లెమ్యూల్

తా.క.: సీసాలో జామ్ పంపుతున్నాను. లంచం కాదు, అత్తిపండు.

*

జాక్సన్
సెప్టెంబరు మూడో వారం

గౌరవనీయులైన బ్రదర్ లెమ్యూల్ గారికి, నమస్కారం.

కోర్టులో ఉన్న కేసు గురించి మీరు నాతో మాట్లాడకూడదు, నేను మీతో మాట్లాడకూడదు. మాట్లాడితే మీ ఉత్తరం నకలు అవతలి పక్షం లాయరుకు పంపడం మా నియమం. పంపాను, "ఫిలిష్తీయులు" అన్న మాటతో సహా.

జడ్జి బతుకు కిందినుంచి చూసేవాళ్లకు సింహాసనంలా ఉంటుంది. ఎక్కాక తెలుస్తుంది, అది వీపు ఆనించుకోకూడని కుర్చీ అని. పెళ్లికి వెళితే లాయర్ల బల్ల దగ్గర కూర్చోను. జుట్టు కత్తిరించే ఆవిడ ఏదో కేసు ఎత్తితే సగం జుట్టుతోనే లేచి వచ్చేశాను. వాన గురించి కూడా అభిప్రాయం చెప్పను, దాని మీదా ఎవరో దావా వేసే ఉంటారు.

దయచేసి నా కోసం ఏమీ చేయకండి.

మీ
వర్బీనా హోల్‌కోమ్

తా.క.: జామ్ తిప్పి పంపుతున్నాను. మూత తీయలేదు. బయటినుంచి వాసన చూశాను. అది తప్పో కాదో రూలు పుస్తకంలో లేదు.

*

బ్రష్ క్రీక్
అక్టోబరు

ప్రభువునందు మౌనముద్రలో ఉన్న దెబోరాకు, లెమ్యూల్ వందనాలు.

అర్థమైంది బిడ్డా! జెకర్యా యాజకుడి నోరు దేవదూత ఎందుకు కట్టేశాడు? ప్రార్థన నెరవేరబోతోంది కనుక! నీ నోరు కట్టుబడిందని చదివి సంఘమంతా ఆమేన్ అంది.

శనివారం ఓట్ల కోసం క్యాట్‌ఫిష్ వేపుళ్ల విందు పెట్టాం. మా సంఘపెద్ద, డీకన్ క్లీటస్ మొక్కజొన్న రొట్టె నములుతూ అడిగాడు: "బ్రదరూ, ఆవిడ మాటిచ్చిందా?"

"అసలు నోరే ఎత్తలేదురా!" అన్నాను.

"అయితే ఇచ్చినట్టేగా!"

ఆ మాట ఎంత నచ్చిందంటే, వెంటనే బోర్డులు రాయించాం: "వర్బీనాకు ఓటు, వాగుకు దారి." గుడిలో ఉక్కకు విసురుకోవడానికి అట్ట విసనకర్రలూ వేయించాం. ఒకవైపు నువ్వు, రెండోవైపు కిరీటం పెట్టిన రోర్క్, కింద "ఆహాబు" అని. ఓపల్ మామ్మ విసురుకుంటూ నీ బొమ్మ చూసి, "ఈ పిల్ల నా తోటలో పీచ్ పండ్లు దొంగిలించేది. ఓటేస్తాలే. తాళాలు తీయడం దొంగలకే బాగా తెలుసు" అంది.

జయధ్వనులతో,
లెమ్యూల్

తా.క.: జామ్ తిప్పి పంపావు. తీపి చాలలేదని గ్రహించాం. ఈసారి రెండు సీసాలు.

*

జాక్సన్
అక్టోబరు, మీ ఉత్తరం అందిన గంటకే

బ్రదర్ లెమ్యూల్ గారికి,

బోర్డులు తీసేయండి. నేను మాట ఇవ్వలేదు. ఇవ్వకూడదు. ఇచ్చానని మీరు ఊరంతా చాటితే, ఆ కేసులో నేను కూర్చోవడానికే వీల్లేదు. విసనకర్రలు పొయ్యిలో పెట్టండి, ముఖ్యంగా రెండోవైపు.

అపొస్తలుడైన పౌలు కూడా లేఖలు రాశాడు. అయితే ఒక్కో నకలు తనను విచారించిన ఫేలిక్సు అధిపతికి పంపాల్సిన ఖర్మ ఆయనకు పట్టలేదు. నాకు పట్టింది. ఇదీ అవతలి లాయరుకు పంపాను.

వర్బీనా హోల్‌కోమ్

తా.క.: రెండు సీసాలూ వెనక్కి వస్తున్నాయి. "ఈ జామ్ నాకంటే ఎక్కువ ఊళ్లు చూసిందమ్మా" అంటున్నాడు పోస్ట్‌మ్యాన్.

*

బ్రష్ క్రీక్
నవంబరు, ఎన్నిక మర్నాడు

జయశీలియైన దెబోరాకు, హల్లెలూయా!

గెలిచావు! ఆహాబు రథం వెనక్కి నడిచింది. నీ పోయిన ఉత్తరంలోని కిటుకు నాకు తెలియకపోలేదు. అవతలి లాయరు చదువుతాడని తెలిసే కదా "బోర్డులు తీసేయండి" అని రాశావు? పాములవలె వివేకులై ఉండుడి అన్నది ఊరికే అన్నారా! అందుకే బోర్డులు రెట్టింపు చేశాం. ఒకటి కంపెనీ గేటుకే కట్టాం. టీవీవాళ్లు వస్తే, "ఆవిడ మా మనిషి" అని కెమెరాలోకి చూసి చెప్పాను.

త్వరగా తీర్పు రాయి బిడ్డా. ఓపల్ మామ్మ తెల్లగౌను కుట్టించుకుంది గాని దగ్గు ఎక్కువైంది. నిన్న నా చెయ్యి పట్టుకుని, "అబ్బాయ్, ఆ గౌను దేనికి వేస్తారు నాకు, మడుగులోకా, పెట్టెలోకా?" అని అడిగింది.

లెమ్యూల్

తా.క.: పోస్టాఫీసువాళ్లు జామ్ ఇక మోయలేమన్నారు. నాలుగు సీసాలు, ఈ ఉత్తరం శుక్రవారం పొద్దున క్లీటస్ కారులో తెస్తాడు.

*

జాక్సన్
శుక్రవారం ఉదయం, క్లీటస్ చేతికి

బ్రదర్ లెమ్యూల్ గారికి,

మీ పుణ్యాన గెలిచాను. మీ పుణ్యాననే నిన్న ఉదయం మీ కేసు నుంచి తప్పుకున్నాను. మీ టీవీ ముచ్చట విన్నాక ఇంకో దారి లేదు.

నా బదులు ఈ ఒక్క కేసుకు గవర్నరుగారు ఒక అనుభవజ్ఞుణ్ణి వేశారు. ఈమధ్యే ఎన్నిక ఓడిపోయి తీరిగ్గా ఉన్నారట. పేరు థాడియస్ రోర్క్.

సోమవారం ఫైలు ఆయన బల్ల మీదికి వెళుతుంది. మీ ఉత్తరాలన్నీ అందులో ఉన్నాయి. విసనకర్రను కంపెనీ లాయరు అంబ్రోస్ వీల్ జతపరిచాడు, ఆహాబు పైకి కనిపించేలా.

దానితోపాటు వీల్ కోర్టులో దాఖలు చేసిన జవాబు ఇది, ఎవరైనా చదవొచ్చు: "ఈ ఉత్తరాలు చదివేదాకా ఓపల్ గారి సంగతి మాకు తెలియదు. గేటు పెట్టింది లారీల కింద పశువులు పడకుండా. ఆదివారం లారీలు తిరగవు. తాళంచెవి ఆఫీసు గోడ మేకుకే వేలాడుతోంది. మా మీద దావా వేశారు, తిట్టారు, మా గేటుకు బోర్డు కట్టారు. తాళంచెవి మాత్రం ఎవరూ అడగలేదు. శుక్రవారం ఆఫీసు మూసేలోగా వస్తే రాజీకి సిద్ధం. తర్వాత, కొత్త జడ్జిగారి ముందు మాకు రాజీ అవసరం రాదనుకుంటాం."

నేను న్యాయసలహా ఇవ్వకూడదు. వచనం ఇవ్వొచ్చు. చిన్నప్పుడు మీరే బెత్తం పట్టుకుని కంఠతా పట్టించారు, మత్తయి ఐదో అధ్యాయం: నీ ప్రతివాదితో దారిలో ఉండగానే సమాధానపడు, లేకపోతే నిన్ను న్యాయాధిపతికి అప్పగిస్తాడు. ఆ న్యాయాధిపతి ముఖం మన విసనకర్ర మీద ఉంటుందని మాత్రం మత్తయి రాయలేదు.

మీ సండేస్కూలు పిల్ల,
వర్బీనా

తా.క.: ఇప్పుడు మీ కేసుకు నేను జడ్జిని కాను. నాలుగు సీసాలూ ఉంచుకున్నాను. ఒకటి తెరిచాను. మొదటినుంచీ తీపి చాలింది బ్రదర్. ఆదివారం వస్తున్నాను. మడుగులో ఓపల్ మామ్మకు ఒక చెయ్యి మీరు పట్టుకోండి, ఒక చెయ్యి నేను పట్టుకుంటాను. కంపెనీ ఆఫీసు ఐదింటికి మూస్తారు. ప్రసంగం తయారుచేసుకోకండి. ఫిలిష్తీయులు అనకండి. గడప తొక్కి, టోపీ తీసి, "తాళంచెవి ఇస్తారా అండీ" అనండి, చాలు. కారు ఇంజను ఆపొద్దని క్లీటస్‌కు చెప్పే పంపాను. లేవండి, ఎక్కండి, ఇవాళే, ఇప్పుడే!