అక్క నాటిన గులాబీ ఏ రంగు?

ఆదివారం, రాత్రి

అక్క పోయే ముందు మా అమీర్‌పేట మేడ మీద కుండీలో నాటిన గులాబీ ఇవాళ మొదటి మొగ్గ తొడిగింది. ఏ రంగు పూస్తుందో అక్క చెప్పలేదు. ఇన్నాళ్లూ ఏపుగా ఆకులే వచ్చాయి. మొక్క నీరసపడుతుందేమోనని నేను యూరియా వేస్తూనే ఉన్నాను. ఆ మధ్య పక్కింటి మేరీ ఆంటీ చూసి నవ్వారు.

“గింత యూరియా ఏస్తే ఆకులే వస్తయి బిడ్డా, పువ్వెట్లొస్తది? అది బంద్ చేసి జర ఎముకల పొడి వెయ్యి.”

అలాగే చేశాను. వాసనకి వచ్చి మట్టి తవ్వబోయిన పిల్లిని తరిమాను కూడా.

పొద్దున మొగ్గను వేళ్లతో విప్పి చూడాలనిపించింది, ఆపుకున్నాను. ఉండబట్టలేక బావగారికి ఫోన్ చేసి రంగు అడిగాను. ఆయనకీ తెలియదట.

“విచ్చుకోగానే నాకు చెప్పమ్మా. కాదు, నేనే వస్తాను,” అన్నారు.

అక్క పోయాక ఆయన మా ఇంటికి రాలేదు. ఈలోపు రాలిపోదు కదా...