తాత చీమ ఎపిసోడ్

ఫిబ్రవరి 3
భర్త పోయినవాళ్ళు ఇల్లు కదలకుండా ఉండే ఇద్దత్ గడువు అయిపోయింది. మా ఆయన రహమాన్ పోయాక ఇల్లు దాటడం ఇదే. తాడేపల్లిలో మా కార్టూన్ల స్టూడియోలో అందరూ నాతో మెల్లగా మాట్లాడారు. వాన చినుకు మీద చిన్నపిల్లల స్క్రిప్ట్ రాశాను. మా డైరెక్టర్ చైతన్యకృష్ణ బాగుందన్నాడు. బాగుందో లేదో నాకేం తెలియలేదు.

ఫిబ్రవరి 6
నాన్న ఎప్పుడొస్తాడని మా పాప ఆయేషా మళ్ళీ అడిగింది. దానికి నాలుగేళ్ళు. మిర్చి లోడుతో నాగపూర్ వెళ్ళాడని మా అత్త జోహరాబీ చెప్పింది. లారీ బోల్తా పడిన రోజు నుంచీ ఇంట్లో అదే మాట. నేను తలూపుతాను.

ఫిబ్రవరి 11
కొత్త ఎపిసోడ్. చీమల ఇంట్లో తాత చనిపోతాడు. పిల్లలకి చావంటే ఏమిటో చెప్పాలి. వేరేవాళ్ళకి ఇస్తానన్నాడు చైతన్య, నా మొహం చూడకుండా. నేనే రాస్తానన్నాను.

సాయంత్రం
రాసేశాను. తాత నిద్రపోతున్నాడా అని చీమపిల్ల అడుగుతుంది. లేదు, చనిపోయాడు, ఇక ఊపిరి తీసుకోడు, తిరిగి రాడు అంటుంది తల్లి. టైప్ చేస్తుంటే ఏమీ అనిపించలేదు. స్పెల్లింగులు చూసి పంపేశాను.

ఫిబ్రవరి 14
'చనిపోయాడు' వద్దట. పిల్లలు జడుసుకుంటారట. 'దూరం ఊరెళ్ళాడు' అని మార్చమన్నారు క్లయింట్, ఫోన్ కాల్‌లో. ఊరెళ్ళినవాడు తిరిగొస్తాడండీ, పిల్లలు ఎదురుచూస్తూనే ఉంటారు అన్నాను. చైతన్య కాల్ మ్యూట్ చేసి వదిలెయ్యమన్నాడు. వదల్లేదు. ఆ మాట తీసేస్తే నా పేరు కూడా తీసెయ్యమన్నాను.
బస్సెక్కాక గానీ తెలియలేదు, ఎవరి గురించి మాట్లాడానో.

ఫిబ్రవరి 15, ఆదివారం
అత్త డాబా మీద మిరపకాయలు ఆరబోస్తోంది. ఆయేషాని ఒళ్ళో కూర్చోబెట్టుకున్నాను. స్క్రిప్ట్‌లో రాసిన వాక్యాలు ఒక్కటీ నోటికి రాలేదు. నాన్న చనిపోయాడమ్మా, ఇక రాడు అన్నాను. అంతే.
"పసిదానికి ఎందుకే చెప్పావ్?" అని అత్త అరిచింది. మిరపకాయల పక్కనే కూలబడి ఏడ్చింది. కొడుకు పోయాక ఆవిడ గొంతెత్తి ఏడవడం ఇదే మొదటిసారి. మనవరాలు వింటుందని ఇన్నాళ్ళూ ఆపుకుంది కాబోలు.
ఆయేషా ఏడవలేదు. లారీ కూడా చచ్చిపోయిందా అంది. లేదు, షెడ్డులో బాగుచేశారన్నాను.
"మరి నాన్ననెందుకు బాగుచెయ్యలేదూ?"
చెయ్యలేకపోయారమ్మా.

ఫిబ్రవరి 16
ఎపిసోడ్ ఆపేశారు. రంగుల మీద రాయమన్నారు. ఎరుపు గురించి రాశాను.

ఫిబ్రవరి 21
ఆయేషా నాన్న గురించి అడగకుండా ఆడుకోవడానికి వెళ్ళిపోయింది. రోడ్డు మీద లారీ హారన్ వినపడింది. ఇక రాడని చెప్పిన నేనే లేచి గుమ్మంలోకి వెళ్ళాను.