నీ వంతెన తీర్పు నిలబడింది

ఒరేయ్ అబ్బాయ్, గెలిచామురా!

ముప్పాళ్ళ దారిలో నువ్వు కట్టిన కాలవ వంతెన నాసిరకమని రోడ్ల డిపార్టుమెంటోళ్ళు బిల్లు ఆపారు గదా. మధ్యవర్తి నీదే న్యాయమని తీర్పిచ్చినా, వాళ్ళు దాన్ని రద్దు చెయ్యమని కోర్టుకెక్కారు. నువ్వు కన్నుమూసిన కాడినుంచి ఆ కేసుకి నేనే తిరుగుతున్నా.

ఇయ్యాల, నువ్వు టెస్టుకని పోసిన కాంక్రీటు దిమ్మ సంచిలో మోసుకుపోయా, జడ్జిగారికి చూపిద్దామని. లాయరమ్మ నెత్తి కొట్టుకుంది.

"ఏంది తాతా ఇది? ఈ కోర్టు వంతెనని మళ్ళీ పరీక్ష చెయ్యదు. మధ్యవర్తి చట్టం తప్పాడా లేదా, అంతే చూస్తది."

జడ్జిగారు తీర్పు చదువుతున్నంతసేపూ ఆ సంచి ఒళ్ళోనే పెట్టుకున్నా. వాళ్ళ పిటిషను కొట్టేశామనంగానే "నా బిడ్డ పని గట్టిదయ్యా!" అని అరిచా. బంట్రోతు కసిరాడు. కసరనీ, చానా ఆనందంరా!

వాళ్ళింకా హైకోర్టుకి పోతారంట. పోనీరా. అక్కడ నీ పేరు పిలిస్తే లేచి నిలబడటానికి నేనున్నా.