భూతం చేతి వాచీ చెరపరాదు

ఇంగ్లండు రేవుపట్నం ఫ్లీట్‌వుడ్ కాపురస్థురాలిని, కీర్తిశేషుడు విల్ఫ్ భార్యను, ఈనిడ్ థ్రెల్‌ఫాల్ అనే నేను డెబ్బై తొమ్మిదో ఏట, మతి స్థిమితంగా ఉండి, ఎవరి బలవంతమూ లేకుండా రాస్తున్న వీలునామా ఇది. నా మతి మీద అనుమానమున్నవాళ్లు ఇప్పుడే వచ్చి పరీక్షించుకోవాలి, తర్వాత కుదరదు.

1. ఇంతకుముందు రాసినవన్నీ రద్దు. దీన్ని అమలు జరపవలసినవారు లాయరు డెస్మండ్ క్రాంక్‌షా.

2. ఇల్లు, సామానుతో సహా, నా తమ్ముడి కొడుకు కీత్‌కు చెందును. "అత్తా, ఆ చెత్త సినిమా డబ్బాలు పారేస్తే ఒక గది ఖాళీ అవుతుంది కదా" అన్నాడు వాడు. గది ఖాళీ చేస్తున్నాను, సంతోషించమనండి. డబ్బాల మీద వాడికి ఏ హక్కూ లేదు.

3. వాటిలో ఉన్నది 'ఉప్పుబురద మనిషి'. 1974లో పదకొండు రోజుల్లో మేమే తీశాం. ఇంకో ప్రతి లేదు. భూతం వేషం విల్ఫ్‌ది: పాత వలలు, వాన కోటు, గోడకాగితాలు అంటించే జిగురు. నెత్తురు బీట్‌రూట్ రసం. చూసి భయపడలేక చచ్చామని ఒక పత్రికవాడు రాశాడు. ఆ పత్రిక మూతబడింది. మా సినిమా ఇంకా ఆడుతోంది.

4. బురదలోంచి భూతం చెయ్యి లేచినప్పుడు మణికట్టుకు వాచీ కనిపిస్తుంది. విల్ఫ్ తీయడం మరిచాడు. మళ్లీ తీద్దామంటే సముద్రం పోటు వచ్చి బురదంతా మునిగిపోయింది. ఏటా నవంబరులో చర్చి హాల్లో ఆడించినప్పుడు, ఆ చోటికి రాగానే జనమంతా "నాలుగింటికి పది తక్కువ" అని ఒక్క గొంతుతో అరుస్తారు. పాత ఫిల్ములు దాచే సంస్థ నుంచి ఒక పెద్దమనిషి వచ్చి, "మేం భద్రపరుస్తామండీ, ఆ వాచీ ఒక్కటి చెరిపేస్తే శుభ్రంగా ఉంటుంది" అన్నాడు. శుభ్రం ఆయన ఇంట్లో చేసుకోమనండి. అది నా మొగుడి చెయ్యి. ఆయన పోయి పదేళ్లయింది, ఆ చెయ్యి అక్కడొక్కచోటే ఇంకా కదులుతుంది. వాచీ గానీ, ఇంకో సీనులో బొమ్మ గబ్బిలాన్ని ఊపే తీగ గానీ ఎవరూ చెరపరాదు, సరిదిద్దరాదు.

5. ఫిల్ము, ప్రొజెక్టరు, ఏటా ఆడించే బాధ్యతతో సహా, చేపల షెడ్డులో నాతో పనిచేసిన నోరీన్ హెస్కెత్‌కు సర్వహక్కులతో చెందును. భూతం వలలు కుట్టింది నోరీనే. లోపల ఉన్నది విల్ఫేనని ఆమెకు తెలుసు. అయినా చెయ్యి లేవగానే ఇప్పటికీ కళ్లు మూసుకుని, వేళ్ల సందుల్లోంచి చూస్తుంది. నవ్వడానికి ఊరంతా ఉంది. భూతం మాత్రం భయపడేవాళ్ల దగ్గరే ఉండాలి.

6. ఆస్తి పొందేవాళ్లు సాక్షి సంతకం పెడితే ఆ ఆస్తి వాళ్లకు దక్కదని చట్టం. సంతకాలకు పొరుగువాళ్లను పిలిచానని తెలిసి నోరీన్ మొహం మాడ్చుకుంది. "యాభై ఏళ్ల స్నేహమే, ఒక్క సంతకానికి పనికిరానా?" అంది. పనికిరావు నోరీన్. ఎందుకో ఇప్పుడు తెలిసిందిగా.

14 మార్చి 2023, ఫ్లీట్‌వుడ్
(సంతకం) ఈనిడ్ థ్రెల్‌ఫాల్

మా ఇద్దరి కళ్లెదుటే సంతకం చేశారు:
1. బెరిల్ ఓర్మ్
2. స్టాన్లీ కటెరాల్